పొలం గట్టు మీద కెమెరా

ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వాన పడే నేల మన అనంతపురం. అదీ అదును తప్పి పడుతుంది. ఇలాంటి మెట్టసీమల బతుకు డాక్యుమెంటరీల్లోకి ఎక్కుతూనే ఉంది. తీసేవాళ్లు మాత్రం ఎక్కువగా పట్నం నుంచి వస్తారు.

జహీరాబాద్ దగ్గరి పస్తాపూర్‌లో ఈ వరస తిరగబడింది. దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ అనే స్వచ్ఛంద సంస్థ సంఘాల్లోని దళిత మహిళలే కెమెరా పట్టారు. వాళ్లలో చాలామంది బడి మొహం చూడనివాళ్లు. సొసైటీని నడిపించిన పి.వి. సతీష్ అంతకుముందు దూరదర్శన్‌లో పనిచేశారు. 2001లో ఈ మహిళలతో కమ్యూనిటీ మీడియా ట్రస్టు ఏర్పడింది.

వాళ్ల పాఠం వినండి. కెమెరా పై నుంచి కిందికి చూస్తే అది పటేల్ షాట్, కూలీని దొర చూసే చూపు. కింది నుంచి పైకి చూస్తే జీతగాడి చూపు. ఎదుటి మనిషి కళ్లకు సమానంగా నిలిస్తే సంఘం షాట్. వాళ్లు కోరుకునేది ఇదే. సినిమా బళ్లో ఇంత తేటగా చెబుతారా అన్నది అనుమానమే!

వరంగల్ బీటీ పత్తి రైతులను సాగుకాలమంతా వెంబడించి 2003లో ఓ చిత్రం తీశారు. తర్వాత అదే పత్తి కథ కోసం మాలి, దక్షిణాఫ్రికాల దాకా వెళ్లారు.

మన వేరుశనగ చేలలో, ధర్మవరం మగ్గాల దగ్గర కథలకు కొదవ లేదు. చేతిలో సెల్‌ఫోన్ ఉన్న అమ్మాయిలు, అబ్బాయిలు ముందుగా సొంత ఊరినే చిత్రించాలని మనవి.