ఎరువు కథలు – మన మాటలు

ఎరువు సొమ్ము బరువు చేటని మన సామెత. ఎరువు తెచ్చుకొన్న కథ కూడ చేటేనా? మాయలు, మంత్రములు, గుఱ్ఱపు స్వారీలు గల చిత్రములను పరాయి సరకని చదువుకొన్నవారు తీసివేయుట కలదు. ఆ తీర్పును కొంచెము విచారింతము.

ఇస్తాంబుల్ నగరమందలి యెషిల్‌చామ్ అను వీధి పేరే తుర్కీ చిత్రపరిశ్రమకు పేరైనది. 1972లో అక్కడ దాదాపు 300 చిత్రములు తయారైనవి. డబ్బు తక్కువ, గిరాకి ఎక్కువ; కనుక ఎక్కడి కథ దొరికిన అక్కడిది తెచ్చుకొనిరి. మన రాజ్‌కపూర్ ‘ఆవారా’ను సైతము 1964లో తమ భాషలో తీసిరి. 1982లో, ‘లోకమును కాపాడిన వీరుడు’ అను అర్థముగల పేరుతో వచ్చిన చిత్రములో అమెరికావారి ‘స్టార్ వార్స్’ దృశ్యములనే కత్తిరించి అతికించిరి. విమర్శకులు చీదరించుకొన్న ఆ చిత్రమును నేడు అనేక దేశములవారు వెదకి చూచుచున్నారు.

మనకును అట్టి చరిత్ర కలదు. 1971లో ఆరుద్ర రచనతో, కె.ఎస్.ఆర్. దాసు దర్శకత్వమున, కృష్ణ నటించిన ‘మోసగాళ్లకు మోసగాడు’ ఇటలీవారి కౌబాయి చిత్రముల ఒరవడిలోనిది. ఆ టోపీ మనది కాదు. ఎడారి దృశ్యములు రాజస్థానములోనివి. అయినను 52 ఏండ్ల పిమ్మట, 2023లో, అది మరల థియేటర్లకు వచ్చినది.

ఎరువు అను మాటకు అనంతపురము మెట్ట రైతు మరియొక అర్థము నెరుగును. పొలమున ఎంత ఎరువు చల్లినను, నేలలో పదును లేనిదే పైరు పెరుగదు. ఈ జిల్లా తాడిపత్రిలో 1912లో జన్మించిన కె.వి. రెడ్డి ఆ సంగతి ఎరిగిన దర్శకుడు. ఆయన 1951లో తీసిన ‘పాతాళభైరవి’లో అల్లావుద్దీను కథ, కాశీమజిలీ కథలు కలిసిపోయినవి. అద్భుత దీపము స్థానమున దేవీ ప్రతిమ నిలిచినది. నాయకుడు ఉజ్జయినిలో తోటమాలి కొడుకైనాడు. పింగళి నాగేంద్రరావు మాటలు ఆ కథకు తెలుగు పదును నిచ్చినవి. ఎస్.వి. రంగారావు నోట వెలువడిన ‘డింభకా’ అను పిలుపు నేటికిని ఇండ్లలో వినబడుచున్నది. 1957 నాటి ‘మాయాబజార్’ నుండి వచ్చిన ‘తస్మదీయులు’ లేనిదే పత్రికలవారికి రాజకీయవార్త సాగదు. నిఘంటువు ఇచ్చిన మాట కాదది, సినిమా ఇచ్చినది.

కనుక కథ ఎక్కడిదని అడుగుటతో తీర్పు ముగియదు. అది మన నోటి మాటగా మారినదా అని కూడ చూడవలెను. మన పిల్లలు నేడు జపాను బొమ్మల చిత్రములు, కొరియా కథలు చూచుచున్నారని చింతించు తల్లిదండ్రులు కలరు. కోపపడుటకంటె, ఆ కథను మన మాటలలో చెప్పుమని ఒక సాయంకాలము అడిగి చూడుడు. అట్లు చెప్పగలిగిననాడు, ఎరువు తెచ్చిన సొమ్ము మన చేనికి ఎరువైనట్లే.