ఒకే పేరు, ఒకే ఉద్దేశం: సందర్శక వీసాకు ముందు సరిచూసుకోవలసినవి

(పట్టణ షాదీఖానాలో జరిగిన అవగాహన సభలో చేసిన ప్రసంగ పాఠం)



విదేశాలలో స్థిరపడిన సంతానాన్ని, అక్కడే పుట్టిన మనవలను ఒక్కసారి కళ్ళారా చూసి రావాలని కోరుకొనే తల్లిదండ్రులు నేడు మన ప్రతి మొహల్లాలోనూ ఉన్నారు. కొడుకు అమెరికాలో, కూతురు లండన్‌లో, అల్లుడు షార్జాలో ఉంటారు. వీరందరికీ సందర్శక వీసాయే ద్వారం. ఆ వీసా గురించి నా దగ్గరకు వచ్చేవారు సాధారణంగా రెండు ప్రశ్నలు అడుగుతారు. బ్యాంకులో ఎంత సొమ్ము చూపాలి? ఏ ఏజెంటును పట్టుకోవాలి? నా మనవి ఏమిటంటే, ఈ రెండింటికంటే ముందు మనల్ని మనం అడగవలసిన ప్రశ్నలు వేరే ఉన్నాయి. నా కాగితాలన్నిటిలోనూ నా పేరు ఒక్కటేనా? నేను ఏ పనిమీద వెళ్తున్నానో దాచకుండా చెప్పగలనా? ఈ రెండింటికీ ‘అవును’ అని సమాధానం చెప్పగలిగినవారికి మిగిలిన పని సులభం. చెప్పలేనివారే ఏజెంట్ల చేతికి చిక్కుతున్నారు.

వీసా అధికారికి మనం ఎవరమో తెలియదు. మన వంశగౌరవం, మన నిజాయితీ, మన మొహల్లాలో మనకున్న మంచిపేరు ఆయన ముందుకు రావు. ఆయన ముందు ఉండేవి కాగితాలు మాత్రమే. అవే మన తరఫు సాక్షులు. సాక్షులు ఒకరితో ఒకరు విభేదిస్తే న్యాయాధికారి ఏమి చేస్తాడో వీసా అధికారి కూడా అదే చేస్తాడు.

పేరు చెడే తీరు

ప్రభుత్వ కార్యాలయంలో గుమాస్తాగా పనిచేసిన కాలమంతా రిజిస్టర్ల మధ్యనే గడిచింది. పేరు ఎక్కడ, ఎలా చెడుతుందో దగ్గరగా చూశాను. ‘షేక్’ అనే ఇంటిపేరు బడి రిజిస్టరులో ‘ఎస్.కె.’ అనే పొడి అక్షరాలుగా చేరుతుంది. ఆధార్‌లో పూర్తిగా ‘షేక్’ అని నమోదవుతుంది. బ్యాంకు పుస్తకంలో అదే పదం పేరు చివరకు వెళ్తుంది. ‘మహమ్మద్’ ఒకచోట ‘ఎండీ’, మరొకచోట ‘మొహమ్మద్’. ఇంగ్లీషు అక్షరాలలో ఈ ఒక్క పేరుకే అనేక వర్ణక్రమాలు వాడుకలో ఉన్నాయి. మన ఆడవారి పరిస్థితి మరీ క్లిష్టం. ఒకే స్త్రీ పేరు చివర ఒక కాగితంలో ‘బీ’, మరొక దానిలో ‘బేగం’, ఇంకొక దానిలో ‘బాను’ ఉంటుంది. పెళ్ళయిన తరువాత భర్త ఇంటిపేరు రేషను కార్డులో చేరుతుంది, చదువు ధ్రువపత్రంలో చేరదు. పుట్టిన తేదీ సంగతీ అంతే. బడిలో చేర్చిననాడు ఉపాధ్యాయుడు అంచనాగా వేసిన తేదీ ఒకటి, ఆధార్‌లో సంవత్సరం మాత్రమే చెప్పినందువల్ల జనవరి 1గా పడిన తేదీ మరొకటి.

ఇవి చిన్న విషయాలని అనుకోకండి. మన పేర్లు వేలాదిమందికి ఉమ్మడివి. అదే పేరు గల మరొకరి నుండి మనల్ని వేరుచేసి చూపేవి పుట్టిన తేదీ, పుట్టిన ఊరు, తండ్రి పేరు, వేలిముద్రలు. వీటిలో కాగితంమీద ఉండే మూడూ తడబడితే మనం మనమేనని రుజువు చేసుకోవడం కష్టమవుతుంది.

పాస్‌పోర్టులో పేరుకు రెండు గడులు ఉంటాయి. ఒకటి సర్‌నేమ్, రెండవది గివెన్ నేమ్. మన పెద్దలలో కొందరి పాస్‌పోర్టులలో సర్‌నేమ్ గడి ఖాళీగా ఉంటుంది. దాని ఫలితం ఏమిటో రెండు ఉదాహరణలు చెబుతాను. 2022 నవంబరులో యునైటెడ్ అరబ్ ఎమిరేట్స్ ఒక నియమం ప్రకటించింది. పాస్‌పోర్టులో ఒకే పదం పేరుగా ఉండి రెండవ గడి ఖాళీగా ఉన్నవారికి సందర్శక వీసాపై ప్రవేశం లేదన్నది. పాస్‌పోర్టు రెండవ పుటలో తండ్రి పేరుగాని, కుటుంబ నామంగాని ఉంటే అనుమతిస్తామని తరువాత సడలించింది. ఇక అమెరికా వీసాలో, పేరంతా ఒకే గడిలో ఉన్నట్లయితే దానినే సర్‌నేమ్‌గా తీసుకొని, గివెన్ నేమ్ స్థానంలో ‘ఎఫ్.ఎన్.యు.’ అని ముద్రిస్తారు. ‘మొదటి పేరు తెలియదు’ అని దాని అర్థం. తల్లిదండ్రులు చెవిలో అజాన్ వినిపించి ప్రేమతో పెట్టిన పేరు పక్కన ‘తెలియదు’ అనే ముద్ర పడటం ఎవరికి ఇష్టం?

దీనికి నివారణ మన చేతిలోనే ఉంది. దిద్దుబాటు మూలం నుండి మొదలుకావాలి. జనన నమోదులో తప్పు ఉంటే 1969 నాటి జనన మరణాల నమోదు చట్టం 15వ సెక్షన్ కింద సవరణ కోరవచ్చు. ఆ తరువాత ఆధార్, ఆ తరువాత పాస్‌పోర్టు, చివర బ్యాంకు ఖాతా. జారీ అయిన పాస్‌పోర్టులో అక్షరాలు దిద్దరు. రీ-ఇష్యూకు దరఖాస్తు చేసుకోవాలి. అందుకు సమయం పడుతుంది. కనుక ప్రయాణం నిశ్చయమైన తరువాత కాదు, ప్రయాణం ఆలోచన రాకముందే ఈ పని ముగించుకోవాలి. చిన్నపిల్లల తల్లిదండ్రులకు మరొక మాట. 2023 అక్టోబరు 1న గాని, ఆ తరువాత గాని పుట్టిన బిడ్డలకు పాస్‌పోర్టు కోసం పుట్టిన తేదీకి జనన ధ్రువపత్రం ఒక్కటే ఆధారం. బిడ్డ పేరు అందులో అక్షరం పొల్లు పోకుండా ఉండేలా ఇప్పుడే చూసుకోండి.

ఉద్దేశాన్ని కాగితం చెప్పాలి

అధికారి తెలుసుకోవాలనుకొనేవి మూడు సంగతులు: ఎందుకు వస్తున్నారు, ఖర్చు ఎవరిది, తిరిగి వెళ్తారా? అమెరికా చట్టంలోని 214(బి) సెక్షన్ ప్రకారం, సందర్శక వీసా కోరే ప్రతివారినీ అక్కడే ఉండిపోవడానికి వస్తున్నవారిగానే ముందు భావిస్తారు. కాదని చూపవలసిన బాధ్యత దరఖాస్తుదారుదే. ఇది ఒక మతం వారికో, ఒక దేశం వారికో పెట్టిన నియమం కాదు. అందుచేత ఇక్కడి పింఛను, ఇల్లు, పొలం, మన రాక కోసం ఎదురుచూసే కుటుంబం, వీటి వివరాలు సూటిగా చెప్పాలి.

డబ్బు విషయంలో ఒక అపోహ ఉంది. ఖాతాలో పెద్ద మొత్తం కనిపిస్తే చాలుననుకుంటారు. నెలనెలా వచ్చే పింఛను చిన్నదైనా దానికొక చరిత్ర ఉంది. దరఖాస్తుకు వారం ముందు బంధువు జమచేసిన ఐదు లక్షలకు చరిత్ర లేదు. ఖర్చు కుమారుడు భరిస్తుంటే ఆ మాటే రాయండి. అతని ఆహ్వాన లేఖ, జీతం రుజువు, నివాస అనుమతి ప్రతి జతచేయండి. కొడుకు సొమ్ముతో తల్లి ప్రయాణించడంలో దాచవలసినది ఏముంది?

ఐరోపాలోని 29 దేశాలకు కలిపి ఉన్న షెంగెన్ వీసా నియమాలు ఎవరైనా అర్థం చేసుకోగలిగినంత స్పష్టంగా ఉన్నాయి. ప్రయాణానికి ఆరు నెలల ముందు నుండి 15 రోజుల ముందు వరకు దరఖాస్తు చేయవచ్చు. రుసుము పెద్దలకు 90 యూరోలు, 6 నుండి 12 ఏళ్ళ లోపు పిల్లలకు 45 యూరోలు, 6 ఏళ్ళ లోపు వారికి లేదు. కనీసం 30,000 యూరోల వైద్య బీమా ఉండాలి. పాస్‌పోర్టు గత పదేళ్ళ లోపు జారీ అయి, తిరుగు ప్రయాణం తరువాత మరో మూడు నెలలు చెల్లుబాటు కావాలి. రెండు ఖాళీ పుటలు ఉండాలి. 180 రోజులలో 90 రోజులకు మించి ఉండరాదు. దరఖాస్తులు స్వీకరించే కేంద్రాలు కాగితాలు తీసుకుంటాయే గాని, నిర్ణయం చేసేది ఆయా దేశాల కాన్సులేట్లే. ‘కేంద్రంలో నాకు మనుషులున్నారు’ అని ఎవరైనా చెబితే అది అబద్ధమని గ్రహించండి.

దొంగ కాగితం సంగతి కూడా చెప్పాలి. నకిలీ ఉద్యోగ పత్రం, మార్చిన బ్యాంకు స్టేట్‌మెంటు తయారుచేసి ఇచ్చేవారు మన చుట్టూ ఉన్నారు. అటువంటి మోసం బయటపడితే బ్రిటన్ పదేళ్ళ వరకు తలుపు మూస్తుంది. అమెరికాలో ఆ నిషేధం జీవితాంతం వెంటాడవచ్చు. కాగితం తయారుచేసినవాడి పేరు ఎక్కడా ఉండదు. సంతకం పెట్టింది మనం.

‘విజిట్ మీద వెళ్ళు, తరువాత చూద్దాం’

ఇది మన పేద కుటుంబాలను ముంచుతున్న మాట. పదవ తరగతి దాటని వారి పాస్‌పోర్టు ఇ.సి.ఆర్. కోవలోకి వస్తుంది. గల్ఫ్ దేశాలతో సహా 18 దేశాలకు పనికి వెళ్ళాలంటే వారికి 1983 వలస చట్టం ప్రకారం ప్రభుత్వ అనుమతి అవసరం. ఇంటిపనికి వెళ్ళే స్త్రీకి 30 ఏళ్ళు నిండాలి. ఇవి వేధించడానికి పెట్టినవి కావు. ఆ అనుమతితో వెళ్ళినవారికి నమోదైన పని ఒప్పందం ఉంటుంది, ప్రవాసీ భారతీయ బీమా యోజన కింద పది లక్షల రూపాయల ప్రమాద బీమా ఉంటుంది. రెండేళ్ళకు ఆ బీమా ప్రీమియం 275 రూపాయలు మాత్రమే.

సందర్శకులకు ఈ అనుమతి అక్కరలేదు. ఏజెంటు వాడుకొనే సందు అదే. రాయచోటి నుండో, పాతబస్తీ నుండో ఒక స్త్రీని విజిట్ వీసాపై విమానం ఎక్కిస్తే ఆమె కాగితంమీద పర్యాటకురాలు. వంటింట్లో పగలూ రాత్రీ చాకిరీ చేస్తున్నా ఆమె పనిమనిషిగా ఎక్కడా నమోదు కాదు. జీతం ఇవ్వకపోతే చూపడానికి ఒప్పందం లేదు. ప్రమాదం జరిగితే బీమా లేదు. గడువు దాటితే ఆమెయే నేరస్థురాలు. చిక్కుకున్నవారి కోసం విదేశాంగ శాఖ 2015లో ప్రారంభించిన ‘మదద్’ వేదికలో కుటుంబసభ్యులు ఫిర్యాదు నమోదు చేయవచ్చు. కానీ బయటపడే దారికంటే చిక్కుకోకుండా ఉండే దారి మేలు.

హజ్ విషయంలోనూ ఇదే మాట. సౌదీ అరేబియా 2019 సెప్టెంబరులో పర్యాటక వీసాలు ప్రారంభించింది. అవి హజ్‌కు చెల్లవు. హజ్‌కు ప్రత్యేక అనుమతి ఉండాలి. 2024 హజ్‌లో తీవ్రమైన ఎండల మధ్య 1,301 మంది మరణించినట్లు సౌదీ ప్రభుత్వం ప్రకటించింది. వారిలో 83 శాతం అనుమతి లేకుండా వచ్చినవారు. నీడ, విశ్రాంతి లేక ఎండలో దూరాలు నడిచినవారు. అల్లాహ్ వారిని కరుణించుగాక. తక్కువ ఖర్చులో హజ్ చేయిస్తానని విజిట్ వీసా చేతిలో పెట్టేవాడు పుణ్యం చేయిస్తున్నాడా, ప్రాణం తీస్తున్నాడా? ఆలోచించండి.

తిరస్కరణ వస్తే

‘మన పేరు చూసే కాదన్నారు’ అనే మాట నేను తరచుగా వింటాను. ఈ బాధ గాలిలో పుట్టినది కాదు. 2017లో అమెరికా ముస్లింలు అధికంగా ఉన్న ఏడు దేశాల పౌరుల ప్రవేశాన్ని నిలిపివేసిన సంగతి లోకమెరుగును. ఆ జాబితాలో భారతదేశం లేదు, 2021 జనవరిలో ఆ ఉత్తర్వులను రద్దు చేశారు. అయినా మనసులో భయం మిగిలింది. వివక్ష ఉన్నచోట దానిని ప్రశ్నించవలసిందే. అయితే ప్రశ్నించడానికి కూడా తప్పులేని కాగితం చేతిలో ఉండాలి. కనుక తిరస్కరణ లేఖను ముందు చదవండి, లేదా చదివించుకోండి. షెంగెన్ దేశాలు కారణాన్ని లిఖితపూర్వకంగా చెప్పి తీరాలి, అప్పీలు హక్కు ఉన్నదనీ తెలపాలి. ఆ అప్పీలుకు గడువు ఉంటుంది. ఆవేదనలో ఆ రోజులు గడిచిపోనివ్వకండి. అమెరికా సందర్శక వీసాకు 214(బి) కింద అప్పీలు లేదు, మళ్ళీ దరఖాస్తు చేసుకోవచ్చు. అయితే 185 డాలర్ల రుసుము మళ్ళీ కట్టాలి. పరిస్థితి మారకుండా, కాగితం మారకుండా అదే దరఖాస్తు మళ్ళీ వేస్తే అదే సమాధానం వస్తుంది. గతంలో తిరస్కరించారా అని ఫారంలో అడిగినప్పుడు ‘అవును’ అనే రాయాలి. దాచడం తిరస్కరణ కంటే పెద్ద తప్పు.

మనం చేయవలసినది

ప్రతి మస్జిద్ కమిటీకి నా విన్నపం ఒక్కటే. నెలకొక ఆదివారం జొహర్ నమాజు తరువాత రెండు గంటలు ఒక బల్ల, రెండు కుర్చీలు వేయండి. చదువుకున్న ఇద్దరు యువకులను, ఇద్దరు యువతులను కూర్చోబెట్టండి. వచ్చినవారి జనన ధ్రువపత్రం, పదవ తరగతి ధ్రువపత్రం, ఆధార్, పాస్‌పోర్టు పక్కపక్కన పెట్టి పేరు, తండ్రి పేరు, పుట్టిన తేదీ సరిపోల్చండి. తేడా ఉంటే ఏ కార్యాలయానికి వెళ్ళాలో ఒక చీటీమీద రాసి ఇవ్వండి. విజిట్ వీసాపై పనికి వెళ్తున్నామని ఎవరైనా చెబితే ఆపి మాట్లాడండి. ముఖ్యంగా ఆ ఇంటి స్త్రీలతో మాట్లాడండి. ఇందుకు నిధులు అక్కరలేదు, ఓపిక ఉంటే చాలు.

వీసా ఇవ్వడమూ ఇవ్వకపోవడమూ పరాయి దేశపు అధికారం. మన పేరును మనం సరిగా నిలుపుకోవడం, మన ఉద్దేశాన్ని నిజంగా చెప్పడం మన అధికారం. ఈ రెండవదానిని ఏ ఏజెంటుకూ అప్పగించకండి.