భూమి ఎవరిదని అడగని కోర్టు

(సంగారెడ్డి యువజన సమావేశంలో మాట్లాడిన మాటల పాఠం)

 

మన భూమి తగాదా సివిల్ కోర్టుల తేలకముందే క్రిమినల్ కోర్టుకు ఎట్ల పోతున్నది? పోయినంక మనం ఏం చెయ్యాలె? ఈ రెండే మాట్లాడుత.

2024 నవంబర్ 11న వికారాబాద్ జిల్లా దుద్యాల మండలంలో ఫార్మా విలేజ్ కోసం ప్రజాభిప్రాయ సేకరణ పెట్టిండ్రు. లగచర్ల, రోటిబండ తండా రైతులు భూములు ఇయ్యమన్నరు. ఆ రోజు కలెక్టర్ మీద, అధికారుల మీద దాడి జరిగింది. దాడిని నేను సమర్థిస్తలేను. కానీ తర్వాత జరిగింది చూడండి. అరెస్టయిన రైతుల్ని ఇక్కడి సంగారెడ్డి జైల్లో పెట్టిండ్రు. వాళ్లల్ల చాలామంది లంబాడా బిడ్డలు. నవంబర్ నెలాఖరుకు సర్కారే ఫార్మా నోటిఫికేషన్ వెనక్కి తీసుకుంది. అంటే ఏ ఫార్మా విలేజ్ వద్దని రైతులు అడ్డం నిలబడ్డరో, అది రద్దయింది. రైతులు మాత్రం జైల్లనే ఉన్నరు. డిసెంబర్ 12న ఒక రైతుకు గుండెనొప్పి వస్తే బేడీలు వేసి ఆసుపత్రికి తెచ్చిండ్రు. మామూలుగా బేడీలు వెయ్యొద్దని సుప్రీంకోర్టు 1980లనే చెప్పింది. ముఖ్యమంత్రి విచారణకు ఆదేశించిండు. డిసెంబర్‌లనే బెయిల్ వచ్చింది.

ఒక్కసారి ఎఫ్ఐఆర్ అయితే ప్రశ్నే మారిపోతది. భూమి ఎవరిదని ఆ కోర్టు తేల్చదు. ఎవరు చెయ్యెత్తిండ్రు, ఎవరు అడ్డం పడ్డరు, అదే చూస్తది. తాత కాలం నుంచి దున్నిన సంగతి పక్కకు పోయి, వాయిదాలకు తిరుగుడే మిగులుతది. వకీలు ఫీజు కోసం చివరికి ఆ భూమినే తాకట్టు పెట్టాలె.

పటాన్‌చెరు, పాశమైలారం, బొల్లారం చుట్టుపక్కల ఎకరం ధర పెరిగిన కొద్దీ ఈ ప్రమాదం పెరుగుతది. మన జిల్లా ఐదో షెడ్యూల్ల లేదు, 1/70 చట్టం ఇక్కడ మనల్ని కాపాడదు. అందుకే నాలుగు మాటలు గుర్తుపెట్టుకోండి.

ఒకటి. ధరణి వచ్చినంక అనుభవదారు కాలమ్ పోయింది. కాబట్టి పాత పహాణీల సర్టిఫైడ్ కాపీలు, పట్టా, పంట రుణం కాగితాలు ఇప్పుడే తీసి పెట్టుకోండి. కేసు అయినంక తిరిగితే దొరకవు.

రెండు. బలవంతంగా భూమిలకెళ్లి ఎల్లగొడితే ఆలస్యం చెయ్యొద్దు. బీఎన్ఎస్ఎస్ సెక్షన్ 164, అంటే పాత 145 కింద ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్ ముందు కేసు నడుస్తది. అక్కడ హక్కు సంగతి తేల్చరు, కబ్జా ఎవరిదన్నదే చూస్తరు. ఫిర్యాదుకు ముందు రెండు నెలల లోపల అక్రమంగా ఎల్లగొట్టిండ్రని తేలితే, కబ్జా మనదే అన్నట్టు లెక్కించే వీలుంది. ఆ రెండు నెలలు దాటనియ్యొద్దు.

మూడు. మనం పోలీస్ స్టేషన్‌కు పోతే “ఇది సివిల్ మ్యాటర్, కోర్టుకు పో” అంటరు. అదే భూమి మీద అవతలోడు పోతే మన మీద ట్రెస్పాస్ కేసు అయితది. దీనికి జవాబు మన చట్టంలనే ఉంది. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం సెక్షన్ 3(1)(ఎఫ్), 3(1)(జి) ప్రకారం మన భూమిని అక్రమంగా ఆక్రమించుడు, మనల్ని ఎల్లగొట్టుడు, పంట నాశనం చేసుడు నేరమే. ఫిర్యాదుల తిట్టిండ్రు, అవమానించిండ్రు అని మాత్రమే రాస్తే సరిపోదు. 2020ల హితేష్ వర్మ కేసుల ఆస్తి తగాదాల వచ్చిన తిట్లకు, కులం కారణంగానే తిట్టినట్టు లేకపోతే, ఈ చట్టం వర్తించదని సుప్రీంకోర్టు చెప్పింది. అందుకే సర్వే నంబర్, తారీఖు, ఎవరు ఎట్ల ఎల్లగొట్టిండ్రు, ఏ పంట పోయింది, అన్నీ రాయండి.

నాలుగు. ఉచిత న్యాయ సహాయం మన హక్కు. ఎస్టీలకు ఆదాయం పరిమితి లేదు. సంగారెడ్డి కోర్టు దగ్గర జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉంది, పోయి అడగండి.

చదువుకున్న మనం ప్రతి తండాల, ప్రతి గూడెంల ఒక ఫైలు తయారు చేద్దాం. జేసీబీ వచ్చిన రోజు మన పెద్దల చేతుల రాయి కాదు, కాగితం ఉండాలె. వాళ్ల పక్కన మనం ఉండాలె.

జల్, జంగల్, జమీన్ మాదే! జై ఆదివాసీ!