అసలెంత తీరినది?

మేము ఇల్లు కొన్న రెండు సంవత్సరములకు, 2023 వేసవిలో, ఒక సాయంకాలము మా అమ్మ నన్నొక ప్రశ్న అడిగినది. నెలనెలా నా జీతమునుండి పెద్ద మొత్తమొకటి బ్యాంకునకు పోవుచున్నదని ఆమె ఎరుగును. “ఇన్నాళ్లుగా కడుతున్నావు గదా నాయనా, అసలులో ఎంత చెల్లు పడింది?” అన్నది. వాయిదా ఎంతయో నాకు కంఠస్థము. వడ్డీ రేటు కూడ చెప్పగలను. కాని ఆమె అడిగినదానికి నాయొద్ద సమాధానము లేకపోయినది. ఇంటి ఋణమున్న శ్రోతలు ఈ ప్రశ్నను ఒకసారి తమకు తామే వేసికొని చూతురుగాక.

మా అమ్మ పుట్టి పెరిగినది పల్లెటూరు. అక్కడ వడ్డీని సంవత్సరమునకు నూటికింత యని చెప్పరు. నూటికి నెలకు ముప్పావలా యనియో, రూపాయి యనియో, రెండు రూపాయలనియో చెప్పుదురు. నోటు వ్రాసి అప్పు తీసికొన్నవాడు మధ్యలో కొంత సొమ్ము తెచ్చి ఇచ్చినచో, ఆ నోటు వెనుకనే తేదీ వేసి చెల్లు వ్రాయుదురు. వడ్డీకి పోగా మిగిలినది అసలునకు జమ. కాగితము తిరగవేసినచో అప్పు చరిత్ర అంతయు కనబడును. బ్యాంకు ఋణమునకు కూడ అట్టి కాగితము లేకపోలేదు గాని, దానిని తిరగవేసి చూచు అలవాటు మనకు పోయినది. చదువుకొన్న మనము, ఈ.ఎం.ఐ. ఎంత, జీతములో ఇముడునా ఇమడదా, అని మాత్రమే అడిగి సంతకము చేయుచున్నాము.

ఒక ఉదాహరణ తీసికొందము. ఇంటి వెల 50 లక్షలు. చేతిలోని 10 లక్షలు పెట్టి, తక్కిన 40 లక్షలు బ్యాంకునుండి తెచ్చితిమి. వడ్డీ సంవత్సరమునకు నూటికి ఎనిమిదిన్నర. గడువు 20 సంవత్సరములు. మా అమ్మ లెక్కలో ఇది నూటికి నెలకు 71 పైసలు, ముప్పావలా వడ్డీకి కూడ లోపే. ధర్మవడ్డీ యనవలసినదే. నెలసరి వాయిదా 34,713 రూపాయలు. 240 వాయిదాలు పూర్తియగునప్పటికి కట్టు మొత్తము 83 లక్షల 31 వేలు. తెచ్చినది 40 లక్షలు గనుక, వడ్డీ 43 లక్షల 31 వేలు.

ధర్మవడ్డీ అసలును మించిపోవుటకు కారణమేమి? ఇందులో మోసమేమియు లేదు. ఏ నెల వడ్డీ ఆ నెలలోనే కట్టుచున్నాము గనుక చక్రవడ్డీ కూడ లేదు. మొదటి వాయిదాను విప్పి చూచినచో సంగతి తెలియును. 40 లక్షలపై ఒక నెల వడ్డీ 28,333 రూపాయలు. కట్టినది 34,713. అసలునకు చేరినది 6,380 మాత్రమే. అసలు అంతమేర తగ్గినది గనుక రెండవ నెల వడ్డీలో సుమారు 45 రూపాయలు తగ్గును. ఆ 45 రూపాయలు అసలువైపునకు జరుగును. ఆ పై నెల మరికొన్ని రూపాయలు. నడక ఇట్లుండును. వాయిదాలో అసలు భాగము వడ్డీ భాగమును మించుటకు 143వ వాయిదా రావలెను. అప్పటికి పండ్రెండవ సంవత్సరము ముగియవచ్చును. పదేండ్లు ఒక్క నెల తప్పక కట్టినవాని సంగతి చూడుడు: అతడు చెల్లించినది 41 లక్షల 65 వేలు, అతని బాకీ ఇంకను 28 లక్షలు. సగము బాకీ తీరునది పదవయేట కాదు, పదుమూడేండ్ల పది నెలలకు.

ఈ లెక్క చెప్పగా మా అమ్మ, “అయితే రెట్టింపు పైనే కడతావన్నమాట” అన్నది. రెట్టింపు అను ఈ హద్దు ఆమె నోట ఊరక వచ్చినది కాదు. ఒక్కమారుగా వసూలు చేయు వడ్డీ అసలును మించరాదని మన ధర్మశాస్త్రములలో ఒక నియమమున్నది. న్యాయస్థానములలో దానిని దామ్‌దుపట్ అందురు. ఆంధ్ర జిల్లాలు మద్రాసు పాలనలో ఉన్న కాలమున, 1938లో, రాజగోపాలాచారిగారి మంత్రివర్గము వ్యవసాయదారుల ఋణభారమును తగ్గించుటకు ఒక చట్టము తెచ్చినది. 1932 అక్టోబరు 1వ తేదీకి పూర్వపు బాకీలపై, అసలు, వడ్డీ కలిపి, అసలునకు రెట్టింపు ముట్టజెప్పియున్న రైతు బాకీ పూర్తిగా తీరినట్లే యని ఆ చట్టము నిర్ణయించినది. నేటి బ్యాంకు ఋణమునకు అది వర్తించదు. వర్తింపవలెనని నేననుట లేదు. కాని అప్పు ఎంతవరకు పెరుగవచ్చునను విషయమున ఆ తరమువారి మనస్సులో ఒక గీత ఉండెడిది. మనకు అట్టి గీత లేదు.

గీత లేకపోవుటవలననే గడువు పెంచుకొనుటకు మనము వెనుదీయము. పై ఋణమునే 30 సంవత్సరములకు తీసికొన్నచో వాయిదా 30,757 రూపాయలకు దిగును. నెలకు 3,956 రూపాయలు మిగిలినవని సంతోషింతుము. కాని వడ్డీ 70 లక్షల 72 వేలగును. ఆ నెలసరి వెసులుబాటునకు 27 లక్షల 41 వేలు అదనముగా ఇచ్చుచున్నామన్నమాట. అదే 15 సంవత్సరములకు తీసికొన్నచో వాయిదా 39,390. వడ్డీ 30 లక్షల 90 వేలు. జీతము చాలనివానికి 15 ఏండ్ల గడువు బోధించుట తేలికయే, వాడు కట్టలేడు. అయినను ఋణము తీసికొనుటకు పూర్వము ఈ మూడు లెక్కలను ఒకే కాగితముమీద వ్రాసి చూచుకొన్నవారెందరు?

ఇంతవరకు వడ్డీ రేటు మారదనుకొని చెప్పితిని. మన దేశమున ఇంటి ఋణములు చాలవరకు మారుచుండు రేటుపై ఇచ్చునవే. 2019 అక్టోబరునుండి బ్యాంకులు వ్యక్తులకిచ్చు ఇట్టి కొత్త ఋణములను రిజర్వు బ్యాంకు రెపో రేటు వంటి వెలుపలి కొలబద్దతో ముడిపెట్టవలసివచ్చినది. 2020 మే నెలలో ఆ రెపో రేటు నూటికి 4కు దిగినది. ఇంటి ఋణము నూటికి ఏడునకు లోపుననే దొరకిన రోజులవి. నేను ఋణము తీసికొన్నది ఆ వెలుగులోనే, 2021లో. 2022 మే మొదలుకొని 2023 ఫిబ్రవరి లోపల రెపో రేటు రెండున్నర పాళ్లు పెరిగి ఆరున్నరయైనది. అయినను నా వాయిదా ఒక్క రూపాయి పెరుగలేదు. బ్యాంకువారు దయతలచిరని నేననుకొంటిని.

అమ్మ అడిగిన మరునాడు ఖాతా వివరములు తెప్పించి చూచితిని. వాయిదా పెరుగలేదు గాని గడువు పెరిగినది. నా లెక్క ప్రకారము 2041లో, నాకు అరువది యేండ్లు నిండునాటికి తీరవలసిన ఋణమునకు, చివరి వాయిదా 2054లో పడియున్నది. నాటికి నా వయస్సు డెబ్బదిమూడు! పదవీ విరమణానంతరము పదుమూడేండ్లు కట్టుటకు జీతమెక్కడిది? నాకు ఎవరును ముందుగా చెప్పలేదు. నేనును అడుగలేదు.

ఇట్లు జరుగుట ఎట్లో లెక్కతో చూపెదను. నూటికి 6.70 వడ్డీపై, 20 సంవత్సరములకు, 40 లక్షల ఋణమునకు వాయిదా 30,296 రూపాయలు. రెండేండ్లు కట్టగా బాకీ 37 లక్షల 96 వేలు. లెక్క సులభమగుటకు, అప్పుడు వడ్డీ ఒక్కసారిగా 9.20కి పెరిగినదనుకొందము. ఆ బాకీపై నెల వడ్డీయే 29,104 రూపాయలు. వాయిదా మార్చనిచో అసలునకు చేరునది 1,192 రూపాయలు! మిగిలిన 18 సంవత్సరములు 35 సంవత్సరములు దాటిపోవును. గడువు మారకుండ నిలుపదలచినచో వాయిదాను 36,024కు పెంచుకొనవలెను. నెలకు 5,728 రూపాయల బాధ కంటికి కనబడును. పదునేడేండ్ల పొడిగింపు కనబడదు. నేను మూల్గుచునే వాయిదా పెంచుకొంటిని.

ఇట్టి ఫిర్యాదులు పెరుగగా రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టులో కొన్ని ఆదేశములిచ్చినది. రేటు మారినప్పుడు వాయిదా పెంచుకొనుటయో, గడువు పెంచుకొనుటయో, రెండును కొంత కొంతయో ఋణగ్రహీతయే నిర్ణయించుకొనవచ్చును. మూడు నెలలకొకసారి, నాటివరకు అసలెంత, వడ్డీ ఎంత వసూలైనది, వాయిదా ఎంత, ఇంకెన్ని మిగిలినవి యను వివరములు అందుబాటులో ఉంచవలెను. మా అమ్మ ప్రశ్నకు సమాధానమిచ్చు కాగితమిదే. 2024 అక్టోబరు 1 తరువాత మంజూరైన ఋణములకు, అన్ని రుసుములను కలుపుకొన్న వార్షిక వ్యయమును తెలుపు ముఖ్య వివరముల పత్రము కూడ సంతకమునకు ముందే ఇయ్యవలెను. ఇచ్చుట వేరు, చదువుట వేరు. ఆ పత్రమును ఇంటికి తెచ్చుకొని ఒక రాత్రి తీరికగా చదివి, మరునాడు సంతకము చేసినందువలన ఇల్లు పారిపోదు.

ఇక మధ్యలో చేతికందిన సొమ్మును ఏమి చేయవలెను? వ్యక్తులు మారుచుండు రేటుపై తీసికొన్న ఇంటి ఋణమును ముందుగా తీర్చినందుకు అపరాధ రుసుము తీసికొనరాదని 2012లోనే రిజర్వు బ్యాంకు బ్యాంకులను ఆదేశించినది. మన మొదటి ఉదాహరణలో, సంవత్సరము నిండగనే లక్ష రూపాయలు అసలునకు కట్టి, వాయిదా మార్చకున్నచో, చివర సుమారు పదునాలుగు వాయిదాలు తగ్గిపోవును. వడ్డీలో మిగులునది 3 లక్షల 77 వేలు. అదే లక్షను పదునైదవయేట కట్టినచో మిగులునది 51 వేలు మాత్రమే. లక్ష లక్షయే గాని, కాలమును బట్టి దాని బలము మారును. కాని కౌంటరు దగ్గర “వాయిదా తగ్గించవలెనా, గడువు తగ్గించవలెనా?” అని అడిగినప్పుడు తొందరపడి వాయిదా తగ్గించుమన్నచో ఈ ప్రయోజనములో చాలభాగము పోవును. ఇంటిలో రోగము, రొష్టు వచ్చినప్పటికి కొంత రొక్కము చేతిలో ఉంచుకొనవలెననుట నేను చెప్పనక్కరలేదు.

ఆదాయపు పన్నులో రాయితీ ఉన్నది గదా యందురు. పాత పద్ధతిలో పన్ను కట్టువారికి, తాము నివసించు ఇంటిపై వడ్డీకి సంవత్సరమునకు 2 లక్షలవరకే మినహాయింపు. మన ఉదాహరణలో మొదటి సంవత్సరపు వడ్డీ 3 లక్షల 37 వేలు. కొత్త పద్ధతిలో అట్టి ఇంటికి అదియు లేదు. ముప్పది పైసల పన్ను తప్పించుకొనుటకు రూపాయి వడ్డీ కట్టుట ఏమి తెలివియో నాకు బోధపడదు.

చిన్న ఖర్చులుగా కనబడునవి కొన్ని కలవు. ఋణముతోపాటు ఒక బీమా పాలసీని అంటగట్టి, దాని ప్రీమియమును అసలులోనే కలుపుట చాలచోట్ల కనబడుచున్నది. 1 లక్ష 20 వేల ప్రీమియము అట్లు కలిసినచో, ఇరువదేండ్లలో దానికి రెండున్నర లక్షలు కట్టుదుము. కుటుంబ రక్షణకు బీమా అవసరమే. దానిని వేరుగా, ఏటేటా కట్టునట్లు తీసికొనవచ్చును. కట్టడములో ఉన్న ఫ్లాటు కొన్నవారు, ఇల్లు చేతికి వచ్చువరకు వడ్డీ మాత్రమే కట్టు పద్ధతినెంచుకొన్నచో, అన్నాళ్లును అసలు అట్లే నిలిచియుండును. ఒకవైపు అద్దె, మరొకవైపు వడ్డీ!

న్యాయముగా మరొక వైపు కూడ చెప్పవలెను. 43 లక్షల వడ్డీ యనగానే 43 లక్షలు నేటి రూపాయలలో నష్టమని తలచుట పొరపాటు. ధరలు ఏటా నూటికి 5 చొప్పున పెరిగినచో, ఇరువదవయేట కట్టు 34,713 రూపాయల వాయిదా నేటి 13 వేల పైచిలుకునకు సమానమగును. జీతములును కొంత పెరుగును. అద్దె తప్పును. ఈ కారణములవలననే నేను ఋణము తీసికొంటిని, తీసికొన్నందుకు నేడును విచారము లేదు. కాని చివరి వాయిదా తేలిక యగునని ఓదార్చు లెక్క, మొదటి పదేండ్ల బరువును తగ్గింపదు. పిల్లల చదువులు, పెద్దల వైద్యము వచ్చునదియు సరిగా ఆ పదేండ్లలోనే.

ఇంటి హక్కుపత్రములు ప్రస్తుతము బ్యాంకువారి ఇనుపపెట్టెలో ఉన్నవి. బాకీ పూర్తిగా తీరిన 30 దినములలో వానిని తిరిగి ఇయ్యవలెననియు, తమవలన ఆలస్యమైనచో దినమునకు 5,000 రూపాయల చొప్పున పరిహారము చెల్లింపవలెననియు 2023 డిసెంబరునుండి నియమమున్నది. నాకు ఆ రోజు ఇంకను దూరమే. మూడు నెలలకొకసారి ఆ వివరపత్రమును తెచ్చి మా అమ్మకు చదివి వినిపించుచున్నాను. అసలు, వడ్డీ, మిగిలిన వాయిదాలు, ఈ మూడే ఆమెకు కావలెను. కిందటి పర్యాయము విని, వ్రేళ్లు మడిచి ఏదో లెక్కించుకొని, “పోయినసారి కంటె పదకొండు తగ్గాయి, ఫరవాలేదు” అన్నది. ఆ మూడు నెలలలో నేను కట్టిన వాయిదాలు మూడే. తక్కిన ఎనిమిది, పండుగకు వచ్చిన బకాయి జీతమును నేను అసలునకు జమకట్టినందువలన తగ్గినవి.