గడువిచ్చిన మేనేజరు

స్నాతకోత్సవాల్లో కవుల గురించీ శాస్త్రవేత్తల గురించీ చెప్పడం రివాజు. వాళ్లకు తలదాచుకునే చోటిచ్చినవాళ్ల పేరు ఎవరూ ఎత్తరు. ఈ రోజు అలాంటి ఒక హోటల్ మేనేజరు గురించి చెబుతాను. మీలో కవులయ్యేవారు కొద్దిమందే. బ్యాంకు మేనేజర్లు, హాస్టల్ వార్డెన్లు, తహసీల్దార్లు అయ్యేవారు చాలామంది. కళ బతకడంలో ఆ కుర్చీల పాత్ర మనమనుకునే దానికంటే పెద్దదన్నది నా వాదన.

న్యూయార్క్ 23వ వీధిలో చెల్సీ హోటల్ అని 1880లలో కట్టిన 12 అంతస్తుల ఎర్ర ఇటుకల భవనం ఉంది. హంగరీ నుంచి వలస వచ్చిన డేవిడ్ బార్డ్ 1940లలో భాగస్వాములతో కలిసి దాన్ని కొన్నాడు. కొడుకు స్టాన్లీ బార్డ్ 1957లో అక్కడే ప్లంబరుకు సాయంగా పనిలో చేరి, 1964లో తండ్రి పోయాక మేనేజరై, 2007 దాకా నడిపాడు. ఆర్థర్ మిల్లర్, బాబ్ డిలాన్, లియొనార్డ్ కోహెన్ అక్కడ ఉన్నవాళ్లే. 1969లో ప్యాటీ స్మిత్ అనే అనామకురాలు, జబ్బుపడిన స్నేహితుడు మేపుల్‌థార్ప్‌తో వచ్చి, తమ బొమ్మల సంచులు తాకట్టుగా ఉంచుకోమంది. పుస్తకాల షాపులో ఉద్యోగముందని చెప్పింది. వారానికి 55 డాలర్ల మీద 1017 నంబరు గది తాళం ఆమె చేతికొచ్చింది. ఆమె పాటలూ అతని ఫోటోలూ ప్రపంచానికి తెలిసింది ఆ తర్వాతే. అద్దె కట్టలేని చిత్రకారుల దగ్గర బార్డ్ బొమ్మలు తీసుకుని లాబీ గోడలకూ మెట్ల పొడుగునా తగిలించేవాడు. ఆయన ఇచ్చింది డబ్బు కాదు, గడువు.

కళాపోషణ అనగానే మన పాలమూరు వాళ్లకు సంస్థానాలు గుర్తొస్తాయి. గద్వాలకు 'విద్వద్గద్వాల' అనే పేరే ఉంది; జటప్రోలు ప్రభువు సురభి మాధవరాయలు 'చంద్రికా పరిణయం' రాసిన కవి. ఆ ఘనతను నేను తక్కువ చేయను. కానీ దర్బారు పద్ధతి చూడండి. అవధాని పృచ్ఛకుల ముందు కూర్చుని సమస్యలు పూరించాలి, నిషిద్ధాక్షరిలో అడుగడుగునా అడ్డుపడుతుంటే పద్యం నడపాలి, నెగ్గితేనే శాలువా, వార్షికం. అంటే పండిన పంటకు ధర కట్టడం. విత్తనం వేసే రోజుల్లో ఆ కవి ఏం తిన్నాడో దర్బారుకు పట్టదు. ఇన్ని ఆస్థానాలున్న నేల మీద కూడా తెలంగాణలో కవులే లేరన్న మాట పుట్టింది. దానికి జవాబుగా గద్వాల ప్రాంతపు సురవరం ప్రతాపరెడ్డి 1934లో 354 మంది కవులతో 'గోలకొండ కవుల సంచిక' తేవలసి వచ్చింది. దర్బారు దీపం ఎంతమేర వెలిగిందో దీన్నిబట్టే తెలుస్తుంది.

దర్బార్లు పోయినా పద్ధతి పోలేదు. మన నాగర్‌కర్నూల్ జిల్లా వాసి, 12 మెట్ల కిన్నెర వాయించే దర్శనం మొగులయ్య గారికి 2022లో పద్మశ్రీ వచ్చింది. 2024లో ఆయన హైదరాబాద్ శివారులో కట్టడం పనికి కూలీగా వెళ్తున్న వార్త పత్రికల్లో వచ్చింది. సత్కారం ఒక్క పూటది. నెల నెలా వచ్చే అద్దె, మందుల ఖర్చు సంగతి వేరు.

బార్డ్ దాత కాదు, కళాకారుల పేరు అమ్ముకున్న వ్యాపారి అనేవారున్నారు. నిజమే. ఆ పేరు చూసే జనం వచ్చారు, హోటలూ నడిచింది. నాకందులో తప్పు కనబడదు. వట్టి దయ మీద నడిచిన సత్రాలు దాత కన్ను మూయగానే మూతపడటం మనకు తెలియందా? రెండో ఆక్షేపణ బరువైనది. ఆ ఉదారతే మత్తుమందులకూ తలుపు తీసింది. 1978లో నాన్సీ స్పంజెన్ అనే యువతి 100వ నంబరు గదిలో కత్తిపోటుతో చనిపోయింది. అద్దె విషయంలో చూసీచూడనట్టు పోవడం వేరు, ప్రాణాల విషయంలో వేరు. ఆ రెండో దాన్ని నేను వెనకేసుకు రాను. మూడోది, ఎవరి సొమ్ముతో ఈ ఉదారత అన్నది. సంస్థానాల శాలువాలు రైతు కట్టిన శిస్తులోంచి వచ్చాయి. బార్డ్ వదులుకున్న అద్దెలో భాగస్వాముల వాటా ఉంది. వాళ్ల వారసులే 2007లో ఆయన్ను తప్పించారు. వాళ్ల ఫిర్యాదులో న్యాయం లేదనలేను. అందుకే గడువివ్వడమనేది ఒక మనిషి మంచితనంగా మిగిలిపోకూడదంటాను.

మనకు రాళ్లను కాపాడటం తెలుసు. శ్రీశైలం జలాశయం నిండితే మునిగిపోతాయని సోమశిల గుళ్లను విడదీసి తెచ్చి ఎత్తున మళ్లీ కట్టుకున్నాం. న్యూయార్క్ నగరం కూడా 1966లోనే చెల్సీ గోడలకు చట్టరక్షణ ఇచ్చింది. బార్డ్ వెళ్లిపోయాక, 2011లో భవనం చేతులు మారింది, ఏళ్ల తరబడి మరమ్మతులు సాగి, 2022లో ఖరీదైన హోటల్‌గా తెరుచుకుంది. గోడలు అవే. బొమ్మ పెట్టుకుని గది ఇచ్చే కౌంటరు మాత్రం లేదు. అయినా పాత కళాకారులు కొందరు ఆ దుమ్ములో, ఆ సుత్తి చప్పుళ్లలో అక్కడే ఉండగలిగారు. అద్దె ఇష్టమొచ్చినట్టు పెంచకుండా, ఊరికే ఖాళీ చేయించకుండా ఆ నగరంలో అద్దె నియంత్రణ చట్టం ఉంది. బార్డ్ నోటిమాటగా చేసిన పనిలో కొంతైనా, ఆయన వెళ్లిపోయాక ఆ చట్టమే చేసింది. అలాంటి నిబంధనల ముసాయిదా రాసే బల్లల దగ్గరికే మీలో కొందరు రేపు వెళ్తున్నారు.