కెమెరా ఎంత ఎత్తులో ఉండాలి?
(స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



బడిలో నాకు సాంఘికశాస్త్రంలో ఎప్పుడూ అత్తెసరు మార్కులే. అలాంటివాణ్ణి ఈరోజు మనుషులకూ, నేలకూ, నీళ్ళకూ ఉన్న సంబంధం మీద డాక్యుమెంటరీలు తీస్తున్నానంటే సార్లకు నవ్వు రావచ్చు.

మొదటి చిత్రం మన ప్రాంతం మీదే తీశాను. విషయానికి కరువు లేదు. పటాన్‌చెరు పరిశ్రమల వ్యర్థాలు నక్కవాగులో కలిసి మంజీర దాకా వెళ్ళిన సంగతి మనకు తెలిసిందే. డాక్టర్ అల్లాని కిషన్‌రావు గారు దాని మీద ఏళ్ళ తరబడి పోరాడారు. ఇక్కడి మందుల కంపెనీల వ్యర్థజలాన్ని శుద్ధిచేసి వదిలే నీటిని స్వీడన్ పరిశోధకులు పరీక్షించి 2007లో ఫలితాలు ప్రకటించారు. సిప్రోఫ్లాక్సాసిన్ అనే యాంటీబయాటిక్ లీటరుకు 31 మిల్లీగ్రాముల వరకు తేలింది. అదీ శుద్ధి చేసిన తర్వాత!

ఇవన్నీ చిత్రంలో పెట్టాను. డాబా మీదినుంచి పొగగొట్టాలు, వెంచర్లు తీశాను. మా అవ్వను కూడా పైనుంచే తీశాను. ప్లాట్ల రాళ్ళ మధ్య చిన్న చుక్కలా కనబడింది. చూసినవాళ్ళు బాగుందన్నారు. అవ్వ మాత్రం "గిండ్ల నేనేడున్న బిడ్డా?" అని అడిగింది.

తర్వాత మన జిల్లాలోనే, జహీరాబాద్ దగ్గరి పస్తాపూర్ వెళ్ళాను. అక్కడ దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంగాల్లోని దళిత మహిళారైతులు కెమెరా పట్టారు. వరంగల్ రైతులు బీటీ పత్తి మీద ఎందుకు మండిపడుతున్నారో 2003లోనే చిత్రం తీసి చూపించారు. 2008లో సొంతంగా సంగం రేడియో మొదలైంది. పైనుంచి కిందికి తీసే షాట్‌కు వాళ్ళు పెట్టుకున్న పేరు 'పటేల్ షాట్'. దొర చూసే చూపు అది. మనిషి కళ్ళకు సమానంగా తీస్తే 'సంగం షాట్'. పటేల్‌గూడవాణ్ణి కదా, ఆ మాట నాకు సూటిగానే తగిలింది.

ఇంటికొచ్చి, కెమెరా దించి, అవ్వ ఎదురుగా చాప మీద కూర్చున్నాను. కంపెనీల గురించి చెబుతుందనుకున్నాను. చేను గురించి చెప్పింది. ఏ మూల జొన్న వేసేది, ఏ సాళ్ళలో కంది, బాయి ఎప్పుడు ఎండింది. చివరికి, "రెండెకరాలు ఎందుకమ్మినం? నీ కెమెరాకే గదా" అంది.

నిజమే. సంతకం పెట్టమని వెంటపడింది నేనే. నా చిత్రంలో తప్పంతా వాగు అవతలి ఒడ్డునే ఉంది, ఇవతల నేనున్నట్టు ఎక్కడా లేదు. ఆ మాట కోసేద్దామా అని రెండు రోజులు ఆలోచించాను. చివరికి ఉంచాను.

కంపెనీలను వెనకేసుకు రావడం లేదు. వాగును పాడుచేసినవాళ్ళు జవాబు చెప్పాల్సిందే. కానీ ఆ కంపెనీల జీతంతో పిల్లల్ని చదివించినవాళ్ళూ, పొలాన్ని ప్లాట్లు చేసినవాళ్ళూ ఈ సభలో ఉన్నారు. మనం లేని చిత్రం సగం చిత్రమే.

ఒక్కటే కోరిక. ఈ వారం మీ ఇంట్లో పెద్దవాళ్ళ ఎదురుగా కూర్చుని, ఫోన్‌లో రికార్డు చేయండి. ఏ చేనును ఏ పేరుతో పిలిచేవారో, ఏ కుంటలో ఈత నేర్చారో అడగండి. మీకు నచ్చని మాట వస్తే ఆపకండి. అవన్నీ మన బడి లైబ్రరీలో భద్రపరుద్దాం.

మా నాయినను నేను అడగలేదు. ఇక అడగలేను. అవ్వ మాత్రం మూడో వరుసలో కూర్చుని ఉంది.

సెలవు.