కార్ట్రిడ్జిలో వచ్చిన అప్‌డేట్

టోవా పాయో నుంచి మాట్లాడుతున్నాను.

కిందటి సెలవుల్లో తెనాలి దగ్గర మా పల్లెకు వెళ్ళాం. ఇక్కడ హబ్ దగ్గర కొన్న కొత్త గేమ్ అక్కడ స్విచ్‌లో పెడితే, ముందు సిస్టమ్ అప్‌డేట్ చెయ్యమంది. ఇంట్లో నెట్ లేదు, ఫోన్లో సిగ్నల్ ఒక్క గీత. "ఇక సింగపూర్ వెళ్ళాకే" అనేశాను. మావాడు ఏడుపు ముఖం పెట్టాడు.

కంప్యూటర్ల పనిలో ఉన్న నాకే తట్టలేదు చూడండి, అప్‌డేట్ ఆ కార్ట్రిడ్జిలోనే ఉంది! కొన్నవాళ్ళందరికీ నెట్ ఉండదు కదా, అందుకని గేమ్‌కి కావలసిన సిస్టమ్ వెర్షన్‌ను దాంతోపాటే పెట్టి అమ్ముతారు. 2004లో వచ్చిన పీఎస్‌పీ డిస్కుల్లోనూ ఇదే పద్ధతి.

వద్దంటే ఆ గేమ్ ఆడనివ్వదు. సరేనంటే వెనక్కి రాలేం. కొన్ని అప్‌డేట్లకు స్విచ్ చిప్‌లో ఫ్యూజులు కాలిపోతాయి, పాత వెర్షన్ ఇక ఎక్కదు. మధ్యలో ఆగితే మొత్తానికే పాడవ్వచ్చు.

సగంలో ఉండగా కరెంటు పోయింది. "పోయిందా నాయనా?" అంది మా అమ్మ, విసనకర్ర వెతుక్కుంటూ. బ్యాటరీ ఉంది గనక బతికాం.

"ఇంతకీ అందులో ఏం మారిందిరా?" అని ఆవిడ అడిగితే, మా ఇద్దరి దగ్గరా జవాబు లేదు.